గీతల పూల మాల్వా: బెంగళూరు ఇళ్ళల్లో పెంచే పద్ధతి

విత్తనాల ప్యాకెట్ వెనకాల "మార్చి నుంచి మే లోపు విత్తండి" అని రాసి ఉంటే ఆ మాట పక్కన పెట్టేయండి. అది మంచు కరిగాక వసంతం వచ్చే దేశాలవాళ్ళ కోసం రాసింది. బెంగళూరులో మార్చి అంటే ఎండ ముదిరే నెల. ఏప్రిల్‌లో 34 డిగ్రీలు దాటుతుంది, మేలో గాలివానలు, జూన్ నుంచి ముసురు. చలిదేశపు మొక్కకు ఇంతకంటే చెడ్డ వరస ఉండదు. ఇక్కడ దసరా వెళ్ళాక విత్తాలి, సంక్రాంతి అటూ ఇటూగా పూలు చూడాలి. ఈ ఒక్కటి పాటిస్తే సగం పని అయిపోయినట్టే. మిగతా సగం, మొక్కను మరీ గారాబం చేయకుండా ఉండటం.

మొక్క పూర్తి పేరు మాల్వా సిల్వెస్ట్రిస్ జెబ్రినా. అమ్మేవాళ్ళు జీబ్రా మాలో అంటారు. యూరప్, ఉత్తర ఆఫ్రికా, పశ్చిమాసియాల్లో రోడ్ల పక్కన తనంతట తాను మొలిచే జాతి ఇది. అందులో గీతల పూలున్న రకాన్ని తోటలకు తెచ్చుకున్నారు. రెండు నుంచి నాలుగు అడుగుల ఎత్తు పెరుగుతుంది, కుండీలో అయితే రెండున్నర దగ్గర ఆగడమే ఎక్కువ. పువ్వును దగ్గరగా చూడండి: లేత గులాబీ కలిసిన ఊదా రంగులో అయిదు రేకులు. ఒక్కో రేకు మొదట్లో సన్నగా మొదలై కొస దగ్గర వెడల్పవుతుంది, కొసన చిన్న నొక్కు. అడుగు నుంచి ముదురు ఊదా ఈనెలు లేచి, పైకి పోయేకొద్దీ చీలి పలచబడతాయి. మధ్యలో పుప్పొడి కాడ మందారంలో ఉన్నట్టే ఉంటుంది, కాకపోతే పొట్టిది.

ఉండదా మరి? మందారం, బెండ, గోంగూర, పత్తి, ఊళ్ళో గట్ల మీద కనిపించే తుత్తురు బెండ, అన్నీ ఒకే కుటుంబం. అనంతపురం వైపు నుంచో కర్నూలు వైపు నుంచో వచ్చి ఇక్కడ స్థిరపడ్డవాళ్ళకు ఈ కుటుంబంతో కొత్తగా పరిచయం అక్కర్లేదు. గింజ నానబెట్టడం, తల్లివేరు సంగతి, ఆకు కింద చేరే పురుగులు అన్నీ తెలిసినవే. తేడా ఒకటే. బెండకు ఎండ కావాలి, దీనికి చల్లదనం కావాలి. సముద్రమట్టానికి సుమారు 900 మీటర్ల ఎత్తున ఉండబట్టి బెంగళూరులో నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా ఆ చల్లదనం దొరుకుతుంది. మదనపల్లెలోనూ ఇంచుమించు ఇదే పద్ధతి పనికొస్తుంది. విజయవాడలో ఉన్న మీ అక్కయ్యకు మాత్రం ఇది సిఫారసు చేయకండి.

గింజలు సంపాదించడం

నర్సరీకి వెళ్ళి "జెబ్రినా ఉందా" అని మాత్రం అడగకండి. చారల ఆకులతో నేల మీద పాకే ట్రేడెస్కాన్షియా జెబ్రినాను చేతిలో పెడతారు. అదీ మంచి మొక్కే గానీ మీరు వెళ్ళింది దానికోసం కాదు. "మాల్వా" అని అడగండి, ఫోన్‌లో పువ్వు ఫోటో చూపించండి. లాల్‌బాగ్ పక్కన సిద్ధాపుర నర్సరీల్లో చలికాలం పూలమొక్కలు వచ్చే రోజుల్లో అడిగి చూడొచ్చు. నర్సరీ మొక్క దొరకడం కష్టమే, అందుకని గింజల మీద ఆధారపడటమే మేలు. ఆన్‌లైన్‌లో మన దేశంలోని విత్తనాల అమ్మకందారుల దగ్గర కొనండి. విదేశాల నుంచి కవరులో గింజలు తెప్పించుకోవడం అంత తేలిక వ్యవహారం కాదు. 2003 నాటి ప్లాంట్ క్వారంటైన్ ఉత్తర్వు ప్రకారం వాటికి దిగుమతి అనుమతి, పంపే దేశం ఇచ్చిన మొక్కల ఆరోగ్య ధ్రువపత్రం ఉండాలి. కొన్ని ప్యాకెట్ల మీద "ఫ్రెంచ్ హాలీహాక్" అని కూడా ఉంటుంది. అదీ ఇదే. ఉత్త హాలీహాక్ అని ఉంటే అది వేరు. ఆరేడడుగులు నిటారుగా పెరిగే మొక్క, బాల్కనీకి పనికిరాదు.

ఒక ప్యాకెట్ చాలు. రెండో ఏడాదికి మీ దగ్గరే పదిమందికి పంచేటన్ని గింజలుంటాయి.

ముందు ఎండ లెక్క చూసుకోండి

అపార్ట్‌మెంట్లలో ఉండేవాళ్ళు ఇక్కడే దెబ్బతింటారు. ఈ మొక్కకు రోజుకు అయిదారు గంటల ఎండ ఉండాలి. మే నెలలో బాల్కనీ చూసి "మాకు ఎండ బాగా వస్తుంది" అనుకుంటే లాభం లేదు, మొక్క పెరిగేది చలికాలంలో కదా. చలికాలంలో సూర్యుడు దక్షిణానికి వాలి ఉంటాడు. డిసెంబరులో మధ్యాహ్నం పూట కూడా నడినెత్తికి రాడు, 54 డిగ్రీల ఎత్తు దగ్గరే ఆగుతాడు. దాంతో దక్షిణం వైపు బాల్కనీలో, పై అంతస్తు స్లాబు అడ్డున్నా, ఎండ లోపలి దాకా పడుతుంది. అదే బాల్కనీలో జూన్‌లో నేరుగా ఎండే ఉండదు. ఉత్తరం వైపు బాల్కనీ దీనికి సరిగ్గా తిరగబడి ఉంటుంది. వేసవిలో కొంత ఎండ, చలికాలంలో శూన్యం. కాబట్టి ఈ మొక్కకు మొదటి ఎంపిక దక్షిణం, తర్వాత తూర్పు. పడమర అయితే జనవరి దాకా బాగానే ఉంటుంది, ఫిబ్రవరి నెలాఖరు నుంచి మధ్యాహ్నపు ఎండకు షేడ్ నెట్ కట్టాలి. ఉత్తరం ఒక్కటే ఉన్నవాళ్ళు మేడ మీద చోటు అడగండి. ఇంటి ఓనరు ఒప్పుకోకపోతే, చాలామంది భయం స్లాబు తడి దిగుతుందనే గనక, కుండీల కింద స్టాండూ పళ్ళెమూ పెడతామని మాటివ్వండి. చాలాసార్లు పని అవుతుంది.

కుండీ, మట్టి

దీనిది లోతుకు పోయే తల్లివేరు. వెడల్పు కంటే లోతు ముఖ్యం. కనీసం 12 అంగుళాల లోతున్న కుండీ లేదా గ్రో బ్యాగ్ తీసుకోండి. ఒక్కో దాంట్లో ఒక్క మొక్కే. పొడవాటి తొట్టిలో వేస్తే మొక్కకూ మొక్కకూ మధ్య అడుగున్నర ఎడం ఉంచండి. మొలకప్పుడు అంత ఎడం దండగలా కనిపిస్తుంది, జనవరిలో ఎందుకో తెలుస్తుంది.

బెంగళూరు ఎర్రమట్టి ఒక్కటే వేస్తే నీళ్ళు పోసీ పోసీ గట్టిపడి పైన పెచ్చు కడుతుంది. రెండు పాళ్ళు ఎర్రమట్టి, ఒక పాలు నానబెట్టి పిండిన కొబ్బరి పొట్టు, ఒక పాలు బాగా మాగిన కంపోస్టు కలపండి. కుండీకి ఒక గుప్పెడు వేపపిండి, రెండు గుప్పెళ్ళు ముతక ఇసుక. కొబ్బరి పొట్టు ఇటుకలో ఉప్పు ఉండొచ్చు. ఒకటి రెండుసార్లు నీళ్ళు మార్చి కడిగాకే వాడండి. తడి చెత్తతో ఇంట్లో చేసిన కంపోస్టు అయితే వాసన చూడండి, మట్టివాసన రావాలి. పులిసిన వాసన వస్తే ఇంకా మాగలేదని అర్థం.

ఇక్కడితో ఆగండి. పశువుల ఎరువు ఇంకో బుట్ట, పైన యూరియా చిటికెడు, నెలకోసారి ద్రవ ఎరువు అంటూ పోతే మొక్క ఆకులు పెంచుకుంటుంది, కాడలు మెత్తబడి పడిపోతాయి, పూలు ఆలస్యమవుతాయి. బలం తక్కువైన నేలలో కూడా బతికే మొక్క ఇది.

గింజ నాటడం

అక్టోబరు మధ్య నుంచి నవంబరు మధ్య దాకా మంచి అదను. ఊళ్ళో సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో వానలు గట్టిగా పడతాయి గనక మొదటి మూడు వారాలు కుండీలను వాన నేరుగా పడని చోట ఉంచండి.

గింజ పెంకు గట్టిది. రాత్రి గోరువెచ్చని నీళ్ళలో వేసి పొద్దున తీయండి. ఇంకా నమ్మకం కావాలంటే నానబెట్టే ముందు రెండు ఉప్పు కాగితాల మధ్య, అదే శాండ్ పేపర్, గింజలు పోసి వేలితో నాలుగైదుసార్లు మెల్లగా రుద్దండి. పైపెంకు గీసుకుపోతే చాలు, లోపలి తెల్లదనం కనిపించేదాకా వద్దు. బెండ గింజలకు చేసేదే.

నాటే లోతు అర సెంటీమీటరు. కుండీ మధ్యలో నాలుగు గింజలు, మధ్య మధ్య రెండు మూడు అంగుళాల ఎడంతో. పైన మట్టి పల్చగా చల్లి, చెయ్యి పెట్టి తేలిగ్గా అదిమి, సన్న ధారతో తడపండి. పైప్‌తో పోస్తే గింజలన్నీ ఒక మూలకు కొట్టుకుపోతాయి. నేల 20 డిగ్రీల దగ్గరుంటే వారం నుంచి మూడు వారాల్లోపు మొలకెత్తుతాయి. కొన్ని ముందు, కొన్ని వెనక. పదో రోజుకు రాలేదని కుండీ తిరగేయకండి.

నేరుగా చివరి కుండీలోనే నాటమంటున్నది తల్లివేరు కోసం. నారు పోసి పీకి నాటితే ఆ వేరు తెగుతుంది, మొక్క వారాలపాటు మొహం వేలాడేస్తుంది. వానల వల్లనో చోటు లేకనో తప్పనిసరిగా నారు పోయాల్సి వస్తే ఒక్కో గింజను ఒక్కో కప్పులో వేయండి. బై-టూ కాఫీ తాగిన కాగితం కప్పులు సరిగ్గా సరిపోతాయి. అడుగున రెండు కన్నాలు పొడవండి. మూడు నాలుగు ఆకులు రాగానే కప్పు పక్కలు కత్తిరించి, మట్టిగడ్డ చెదరకుండా కుండీలో దించండి. కప్పుతో పాటు పాతేయకండి. లోపల సన్నటి ప్లాస్టిక్ పొర ఉంటుంది, వేరు దాన్ని చీల్చుకుని రాలేదు.

మొలక నుంచి మొగ్గ దాకా

మొదట వచ్చే రెండు ఆకులు హృదయాకారంలో ఉంటాయి. తర్వాత వచ్చేవి గుండ్రంగా, అంచులు తేలిగ్గా నొక్కులు పడి, కొంచెం ముడతలుగా ఉంటాయి. ఆకు కాడను కలిసే చోట ముదురు మచ్చ కనిపిస్తే అది మాల్వాయే, కలుపు మొక్క కాదు. రెండు జతల ఆకులు వచ్చాక నాలుగింటిలో గట్టిదాన్ని ఉంచి మిగతావాటిని మొదలు దగ్గర కత్తెరతో కత్తిరించండి. పీకితే పక్కదాని వేరు కదులుతుంది. మొలకను చంపడానికి మనసొప్పదు, నిజమే. ఒప్పక నాలుగూ ఉంచితే నాలుగూ సన్నగానే మిగులుతాయి.

ఈ వయసులో పెద్ద శత్రువులు తెగుళ్ళు కావు, పావురాలూ నత్తలూ. అపార్ట్‌మెంట్ పావురాలు తినడానికి కాకపోయినా ఊరికే పీకి పడేస్తాయి. కుండీ అంచుల్లో నాలుగు పుల్లలు గుచ్చి పైన వల కప్పండి. నేల మీద తోట ఉన్నవాళ్ళకు ఆఫ్రికా నత్తలు. వాన తగ్గిన రాత్రుళ్ళు అరచేతంత నత్తలు వచ్చి ఒక్క పూటలో మొలకల వరస ఖాళీ చేస్తాయి. సాయంత్రం తడి గోనెపట్ట కింద బొప్పాయి తొక్కలో క్యాబేజీ ఆకులో పెట్టి, తెల్లారగానే చేరిన వాటిని ఏరండి. ఒట్టి చేత్తో ముట్టుకోకండి. మనుషులకు హాని చేసే పరాన్నజీవులు వాటిలో ఉండొచ్చు. గ్లవుజులు లేకపోతే చేతికి ప్లాస్టిక్ కవరు తొడుక్కోండి. ఉప్పు నీళ్ళ బకెట్టులో వేస్తే చస్తాయి, ఆ నీళ్ళు మొక్కల్లో పారబోయకండి.

అడుగు ఎత్తు వచ్చేసరికి మొదలు నుంచే పక్క కొమ్మలు వేస్తుంది, తల తుంచాల్సిన పని సాధారణంగా ఉండదు. ఒక్క కాడే పొడుగ్గా సాగుతుంటే ఎండ చాలడం లేదని అర్థం. తల తుంచడం కాదు, కుండీ జరపడం మందు. అప్పుడే ఒక వెదురు పుల్ల గుచ్చి వదులుగా కట్టండి. ఆరేడు అంతస్తుల పైన ఉండేవాళ్ళకు ఇది తప్పదు, అక్కడి గాలికి కాడలు విరుగుతాయి. తర్వాత గుచ్చుదాంలే అనుకుంటే పుల్ల వేరులోకి దిగుతుంది.

నీళ్ళు

వేలు మట్టిలోకి ఒక కణుపు దించండి. పొడిగా ఉంటే పోయండి, చెమ్మ తగిలితే రేపు చూడండి. చలికాలంలో రెండు రోజులకోసారి సరిపోవచ్చు, మార్చి వస్తే రోజూ కావాలి. పొద్దున్నే, మొదట్లో, ఆకులు తడవకుండా పోయాలి. ఆకులు తడపొద్దనేది ఊరికే చెప్పే జాగ్రత్త కాదు, కారణం తెగుళ్ళ దగ్గర వస్తుంది.

2024 మార్చిలో నీటి ఎద్దడి వచ్చినప్పుడు జలమండలి తాగునీటిని తోటలకు వాడొద్దని నిషేధించి, 5,000 రూపాయల జరిమానా పెట్టింది. అలాంటి వేసవి మళ్ళీ రాదని చెప్పలేం గనక బియ్యం కడిగిన నీళ్ళు, కూరగాయలు కడిగిన నీళ్ళు పట్టి ఉంచే అలవాటు చేసుకోండి. ఆర్‌ఓ ఫిల్టరు వదిలే నీళ్ళను మాత్రం ఒంటిగా పోయొద్దు. బోరు నీళ్ళలోని లవణాలు అందులో ఇంకా చిక్కబడి ఉంటాయి. సగానికి సగం మామూలు నీళ్ళు కలపండి, కుండీ మట్టి పైన తెల్లటి పొర కడుతుంటే అదీ మానేసి, ఒకసారి మంచినీళ్ళు అడుగు నుంచి కారేదాకా పోసి కడగండి.

పూలొచ్చాక

విత్తిన మూడు నెలల దగ్గర నుంచి మొగ్గలు చూడొచ్చు. ఆకు కాడ మొదలయ్యే ప్రతి గణుపు దగ్గరా గుత్తులుగా వస్తాయి, కింద నుంచి పైకి ఒక్కొక్కటే విచ్చుకుంటాయి. ఒక్కో పువ్వు ఎక్కువ కాలం నిలవదు, కానీ వెనక వరస సిద్ధంగా ఉంటుంది కాబట్టి మొక్క బోసిగా కనిపించదు. తేనెటీగలు వస్తాయి. వచ్చినప్పుడు ఒక పని చూడండి: కొత్తగా విచ్చిన పువ్వులో పుప్పొడి బయటపడి ఉంటుంది. ఆ పుప్పొడి అయిపోయాక, కాడ మధ్య నుంచి సన్నటి కీలాగ్రాలు, అంటే పుప్పొడిని అందుకునే కొసలు, బయటికి వచ్చి విచ్చుకుంటాయి. ముందు మగ దశ, తర్వాత ఆడ దశ. అదే మొక్క మీది ఇంకో పువ్వు పుప్పొడి అందినా గింజ కడుతుంది. ఒక్క మొక్కే ఉన్నా గింజలు పట్టేది అందుకే.

దండ గుచ్చడానికి పనికిరావు, రేకులు నలిగిపోతాయి. దేవుడి దగ్గర పెట్టాలనుకుంటే వెడల్పాటి ఇత్తడి గిన్నెలో నీళ్ళు పోసి పైన తేలేయండి, ఆ పూటకు అందంగా ఉంటాయి.

తినొచ్చా అని అందరూ అడుగుతారు. తినొచ్చు. పూలూ లేత ఆకులూ తింటారు. మధ్యప్రాచ్యంలో ఈ జాతి ఆకుల్ని ఆకుకూరలాగే వండుతారు, జిగురు మన బచ్చలికి దగ్గర. యునానీ వైద్యంలో దీని గింజలు ఖుబ్బాజీ పేరుతో వాడుకలో ఉన్నాయి. ఎండబెట్టిన పూలు వేడి నీళ్ళలో వేస్తే నీలిరంగు దిగుతుంది, నిమ్మరసం పిండితే గులాబీకి మారుతుంది, శంఖపుష్పం టీ చూసినవాళ్ళకు ఇది తెలిసిన తమాషాయే. రుచి మాత్రం పెద్దగా ఉండదు, అదీ చెప్పాలి. మందు కొట్టిన మొక్క నుంచీ నర్సరీలో కొని తెచ్చిన మొక్క నుంచీ కోసుకోకండి. యూరియా లాంటి నత్రజని ఎరువులు ఎక్కువగా వేస్తే ఈ జాతి ఆకుల్లో నైట్రేట్లు పేరుకుంటాయి, అలాంటివి వండొద్దు. రోజూ మందులు వేసుకునేవాళ్ళు దీన్ని అలవాటుగా తాగాలనుకుంటే డాక్టర్ని అడగండి. జిగురు పదార్థం మందులు ఒంటికి పట్టడాన్ని ఆలస్యం చేయొచ్చు.

తెగుళ్ళు, పురుగులు

అన్నిటికంటే ముందు తుప్పు తెగులు. ఆకు పైన పసుపు చుక్కలు కనిపిస్తాయి. ఆకు తిప్పి చూడండి. సరిగ్గా ఆ చుక్కల అడుగున గుండుసూది తలంత బొడిపెలు, ముందు నారింజ రంగులో, తర్వాత గోధుమ రంగులో ఉంటాయి. వేలితో తడిమితే గరుగ్గా తగులుతాయి. దీన్ని తెచ్చే బూజు పక్సినియా మాల్వేసియారం. మొదట చిలీలో దొరికింది, 1870ల్లో ఇంగ్లండ్ తోటలకు చేరి హాలీహాక్‌లను ఏడిపించింది. గోధుమ తుప్పు లాంటివి బతకడానికి రెండు రకాల మొక్కలు మార్చుకుంటాయి. దీనికి ఆ అవసరం లేదు, మాల్వా కుటుంబం మొక్క ఒక్కటి చాలు. పక్కింట్లో హాలీహాక్ ఉంటే దాని మీదా ఓ కన్నేయండి.

ఆకు మీద తడి కొన్ని గంటలు నిలిస్తే చాలు, ఈ బూజు మొలకెత్తుతుంది. బెంగళూరు డిసెంబరు పొద్దుల్లో మంచు ఎలాగూ కురుస్తుంది, దానికి తోడు సాయంత్రం మీరు పైప్‌తో తల మీద పోస్తే ఇక చెప్పేదేముంది. నేలకు దగ్గరున్న ఆకుల్ని ముందుగానే తీసేయండి, కింద ఒక జానెడు మేర గాలి ఆడాలి. చుక్కలు పడిన ఆకును కనిపించిన రోజే తుంచి కవరులో వేసి చెత్తకు పంపండి. కంపోస్టులో వేయొద్దు. సగం మొక్కకు పాకితే నీటిలో కరిగే గంధకం పొడి లీటరుకు మూడు గ్రాములు కలిపి, ఎండ తగ్గాక ఆకు అడుగు తడిసేలా కొట్టండి. ఇది కొత్త ఆకులను కాపాడుతుంది, పాడైన ఆకును బాగుచేయదు.

పురుగుల్లో తెల్లదోమ, పేనుబంక, పిండినల్లి, బెండ మీద వచ్చేవే ఇక్కడా వస్తాయి. పిండినల్లి మొదట గణుపుల సందుల్లో తెల్లటి దూదిలా కనిపిస్తుంది. అప్పుడే పాత టూత్‌బ్రష్‌ను సబ్బు నీళ్ళలో ముంచి రుద్దేస్తే సరిపోతుంది. మిగతావాటికి వేపనూనె లీటరు నీళ్ళకు అయిదు మిల్లీలీటర్లు, కలవడానికి నాలుగు చుక్కల సబ్బు ద్రావణం, వారానికోసారి. ఒక హెచ్చరిక. గంధకం కొట్టాక రెండు వారాల లోపు వేపనూనె కొట్టకూడదు, రెండూ కలిస్తే ఆకులు మాడతాయి.

ఫిబ్రవరి చివర నుంచి ఆకు వెనక సన్నటి గూడు, పైన సూదితో పొడిచినట్టు తెల్ల చుక్కలు కనబడితే అవి ఎర్రనల్లులు. పొడి వేడి వాటికి పండగ. రెండు రోజులకోసారి పొద్దున్నే ఆకు అడుగున నీటి స్ప్రే గట్టిగా కొట్టండి, ఎండ ఎక్కేలోపు ఆరిపోవాలి. తుప్పు భయం అప్పటికి తగ్గి ఉంటుంది కాబట్టి ఫర్వాలేదు. ఆకుల్లో ఈనెలన్నీ పసుపు పచ్చగా మారి వలలా కనిపిస్తే మాత్రం మందులు వెతకొద్దు. అది తెల్లదోమ మోసుకొచ్చే వైరస్ కావచ్చు. మొక్క పీకేయండి, పక్కన బెండ ఉంటే ఇంకా తొందరగా.

కత్తిరింపు, గింజలు

మొదటి విడత పూలు తగ్గగానే, సాధారణంగా ఫిబ్రవరిలో, మొక్కను జానెడు ఎత్తుకు కత్తిరించి ఒక గుప్పెడు వానపాముల ఎరువు వేస్తే కొత్త చిగుళ్ళు వచ్చి మార్చిలో ఇంకో విడత పూస్తుంది. గింజలు కావాలంటే ఒక కొమ్మను కత్తిరించకుండా వదలండి.

పువ్వు రాలాక పుష్పకోశంలో, అంటే పువ్వు అడుగున ఉండే ఆకుపచ్చ గిన్నెలో, ఒక కాయ కడుతుంది. సెంటీమీటరు కూడా ఉండని బుల్లి గారెలా ఉంటుంది, మధ్యలో నొక్కుతో సహా. పది పన్నెండు తొనలు చక్రంలా అమరి ఉంటాయి, తొనకు ఒక గింజ. పచ్చగా ఉన్నప్పుడు పిల్లలు కోసి తింటారు, తినదగ్గదే. గోధుమ రంగుకు తిరిగి, వేళ్ళ మధ్య నలిపితే తొనలు విడిపోయే దశలో కోయండి. ఇంకా ఆగితే అవే రాలి పక్క కుండీల్లో మొలుస్తాయి. పైనున్న పొట్టు, ఆకు ముక్కలు పూర్తిగా ఊదేయండి, తుప్పు తెగులు వాటిని పట్టుకుని మరుసటి ఏడాదికి వెళ్తుంది. తెగులు సోకిన మొక్క నుంచి గింజలే తీయకపోవడం ఇంకా మంచిది. నీడలో వారం ఆరబెట్టి, కాగితం కవరులో వేసి, నెలా ఏడాదీ రాసి, డబ్బాలో మూతపెట్టండి. పక్కన వేరే రంగు మాల్వా లేకపోతే గీతలు మరుసటి ఏడాదీ దాదాపు అలాగే వస్తాయి.

మీకు అక్కర్లేని కాయల్ని ఎండకముందే తుంచేయండి. నేల తోటలో, లేఅవుట్ ఖాళీ సైట్ల పక్కన ఉన్నవాళ్ళు ఇది మరీ జాగ్రత్తగా చేయాలి. తనంతట విత్తుకునే మొక్కను ఊరి మీద వదలడం మర్యాద కాదు.

ఏప్రిల్ తర్వాత

పుస్తకాల ప్రకారం ఇది రెండు మూడేళ్ళు బతికే మొక్క. బెంగళూరు కుండీలో దాన్ని ఒక్క సీజన్ మొక్కగా చూడటమే నయం. ఏప్రిల్ ఎండలో మధ్యాహ్నం నీడ ఇచ్చి నిలబెట్టొచ్చు, కానీ జూన్ వానల్లో తుప్పు పట్టి కుళ్ళే మొక్కను కాపాడటం కంటే డబ్బాలోని గింజలు నయం కదా. వేసవిలోనూ గీతల పూలు కావాలనిపిస్తే దీని చుట్టమే అయిన అబ్యూటిలాన్ పిక్టమ్ పెట్టుకోండి. పసుపు నారింజ రంగు పూలు ఎర్ర ఈనెలతో తలకిందులుగా వేలాడతాయి, కొమ్మ నాటితే వస్తుంది, సగం నీడలో కూడా బాగుంటుంది, ఏళ్ళ తరబడి ఉంటుంది.

మొక్క పీకేశాక ఆ మట్టిలో వేర్లు ఏరేసి, ఏప్రిల్ ఎండలో నల్ల ప్లాస్టిక్ షీటు మీద పల్చగా పరిచి పది రోజులు కాగనివ్వండి. తర్వాత కొత్త కంపోస్టు కలిపి వాడుకోవచ్చు, కాకపోతే ఆ ఏడాది అందులో బెండ, గోంగూర, మందారం వద్దు. తోటకూరో పచ్చిమిరపో వేసుకోండి.